గెలిచిన దావా, చేతికందని పైకం

1977 మే 5 అర్ధరాత్రి దాటాక, మూడున్నర ప్రాంతంలో కోయిలకుంట్ల సబ్‌జైలులోకి కొందరు చొరబడి ఏడో నంబరు గదిలోకి బాంబులు విసిరారు. అవుకు పోలీస్‌స్టేషన్ కేసులో రిమాండులో ఉన్న చల్లా చిన్నపరెడ్డి కర్నూలు ప్రభుత్వాసుపత్రిలో చనిపోయారు. అదే గదిలో ఉన్న కొడుకు చల్లా రామకృష్ణారెడ్డి గాయాలతో బయటపడ్డారు. తర్వాతి కాలంలో ఆయన కోయిలకుంట్ల ఎమ్మెల్యే అయ్యారు. సర్కారు కాపలాలో ఉన్న మనిషి ప్రాణానికి సర్కారే పూచీ అంటూ కుటుంబం 10 లక్షల రూపాయలకు దావా వేసింది. గడువు దాటిపోయిందని కింది కోర్టు కొట్టేసింది. 1989లో హైకోర్టు 1,44,000 రూపాయలు, దావా నాటి నుంచి ఆరు శాతం వడ్డీతో ఇమ్మంది. రాష్ట్రం ఒప్పుకోక సుప్రీంకోర్టుకు వెళ్లింది. అక్కడ ఓడిపోయేసరికి 2000 ఏప్రిల్ వచ్చింది. సంఘటనకూ తుది తీర్పుకూ మధ్య 23 ఏళ్లు.

సర్కారు తప్పు చేస్తే పౌరుడికి పరిహారం ఇవ్వాలా అన్న ప్రశ్నకు ఈ దేశంలో జవాబు స్థిరపడిన ముఖ్యమైన తీర్పుల్లో ఇదొకటి. ఇవ్వాల్సిందేనని తేలింది. మరి కోర్టు ఇమ్మన్న డబ్బు ఎప్పుడు ఇవ్వాలి, ఇవ్వకపోతే ఎవరిని పట్టుకోవాలి అన్నది ఇంకా చిక్కుముడిగానే ఉంది. భూసేకరణ, రోడ్డు ప్రమాదాలు, కస్టడీ మరణాలు, పాత బిల్లులు అన్నీ కలిసి ఆ ముడిని మరింత బిగించాయి. ఈ వివాదంలో ఎవరి వాదన ఏమిటి, అది ఎక్కడిదాకా నిలుస్తుంది అన్నది ఒకసారి విడదీసి చూడాల్సిన సమయమిది.

బాధ్యత ఎలా తేలింది

కథ బ్రిటిష్ పాలన నుంచి మొదలవుతుంది. 1861లో కలకత్తాలో పి అండ్ ఓ స్టీమ్ నావిగేషన్ కేసులో కోర్టు ఒక గీత గీసింది. వ్యాపారంలాంటి పనుల్లో జరిగిన నష్టానికి ప్రభుత్వం బాధ్యత వహించాలి, రాజ్యాధికారంతో చేసే పనుల్లో అక్కర్లేదు అని దాని సారం. స్వాతంత్ర్యం వచ్చాక కూడా ఆ గీత చెరగలేదు. మీరట్‌లో పోలీసులు ఒక వ్యాపారి దగ్గర బంగారం స్వాధీనం చేసుకున్నారు. దాన్ని భద్రపరచాల్సిన హెడ్ కానిస్టేబుల్ బంగారంతో సహా పాకిస్తాన్ పారిపోయాడు. అయినా ప్రభుత్వం ఇవ్వనక్కర్లేదని 1964లో సుప్రీంకోర్టు కస్తూరిలాల్ కేసులో తేల్చింది. బాధ్యతను చట్టంగా రాయాలని లా కమిషన్ తన మొదటి నివేదికలోనే, 1956లో, సూచించింది. 1965లోనూ 1967లోనూ బిల్లులు పార్లమెంటు ముందుకొచ్చాయి గానీ చట్టం కాలేదు.

దాంతో ఈ పని కోర్టుల మీద పడింది. అందులో తెలుగు నేల కేసుల పాత్ర చాలా పెద్దది. 1975లో అధికారులు ఎరువులు, ధాన్యం స్వాధీనం చేసుకుని పాడైపోయేదాకా వదిలేసిన వ్యవహారంలో, నాగేంద్రరావు వర్సెస్ ఆంధ్రప్రదేశ్ తీర్పు 1994లో వచ్చింది. రాజ్యాధికారం పేరు చెప్పి అధికారుల నిర్లక్ష్యానికి ముసుగు వేయడం చెల్లదని సుప్రీంకోర్టు అందులో చెప్పింది. కోయిలకుంట్ల కేసు మరో అడుగు ముందుకేసింది. ప్రాణం, స్వేచ్ఛలాంటి ప్రాథమిక హక్కులకు భంగం కలిగినప్పుడు ఆ పాత రక్షణ అసలు వర్తించదని తేల్చింది. అంతకుముందే 1983లో రుదుల్ షా, 1993లో నీలబతి బెహెరా కేసుల్లో రిట్ పిటిషన్ మీదే పరిహారం ఇప్పించే పద్ధతి మొదలైంది.

భూమి విషయంలో బాధ్యత మీద ఎన్నడూ సందేహం లేదు. 1894 చట్టం కిందైనా, 2014 జనవరి 1 నుంచి అమల్లోకి వచ్చిన 2013 చట్టం కిందైనా, తీసుకున్న భూమికి డబ్బు ఇవ్వాల్సిందే. 44వ సవరణ తర్వాత ఆస్తి ప్రాథమిక హక్కు కాకపోయినా 300ఎ అధికరణం కింద రాజ్యాంగ హక్కుగా మిగిలింది. 1967లో రోడ్డుకని హిమాచల్‌లో ఒక వితంతువు భూమి తీసుకుని డబ్బు ఇవ్వని ప్రభుత్వం, ఇన్నేళ్లుగా మా అనుభవంలో ఉంది కాబట్టి మాదేనని వాదించింది. పౌరుల భూమి మీద రాజ్యం అలా హక్కు పెంచుకోలేదని 2020 జనవరిలో విద్యాదేవి కేసులో సుప్రీంకోర్టు తోసిపుచ్చింది.

డిక్రీ తర్వాత ఫైలు ప్రయాణం

కడప, కర్నూలు జిల్లాల్లో 1894 చట్టం కింద భూమి పోయిన రైతు నడిచే దారి దాదాపు ఒకే తీరుగా ఉంటుంది. ఆర్డీవో గానీ స్పెషల్ డిప్యూటీ కలెక్టర్ గానీ పరిహారం తేల్చే అవార్డు ఇస్తారు. రేటు చాలలేదని రైతు అభ్యంతరంతోనే డబ్బు తీసుకుని, కోర్టుకు పంపమని అర్జీ పెడతాడు. సివిల్ కోర్టులో ఒరిజినల్ పిటిషన్ (ఓపీ) నంబరు పడుతుంది. పక్క పొలాల రిజిస్ట్రేషన్ కాగితాలు, బావులు, చెట్లు, పంట లెక్కలు చూసి కోర్టు రేటు పెంచుతుంది. ఇక్కడికి సగం దారే అయింది.

పెంచిన మొత్తం కోసం ప్రభుత్వ న్యాయవాది అభిప్రాయం రాయాలి. అప్పీలు వేయాలా వద్దా అని పై అధికారి తేల్చాలి. భూమి సేకరించింది రెవెన్యూ శాఖ, వాడుకునేది నీటిపారుదల శాఖ లేదా రైల్వే లేదా ఒక కంపెనీ. డబ్బు అడగాల్సింది ఒకరైతే ఇవ్వాల్సింది మరొకరు. ప్రతిపాదన ఆర్థిక శాఖకు వెళ్లి, బడ్జెట్ విడుదల ఉత్తర్వు వచ్చి, బిల్లు ప్రభుత్వ చెల్లింపుల ఆన్‌లైన్ వ్యవస్థ సీఎఫ్ఎంఎస్‌లో ఎక్కాక కూడా వరుసలో ఆగాలి. అధికారి బదిలీ అయితే ఫైలు మళ్లీ మొదటి బల్ల దగ్గరికి చేరుతుంది.

ఈలోగా రైతు అమలు పిటిషన్ వేస్తాడు. కోర్టు ఆవరణలో దాన్ని ఈపీ అంటారు. మామూలు బాకీదారు మీద వెంటనే ఈపీ వేయవచ్చు. దావాలో ప్రభుత్వం మీద వచ్చిన డిక్రీకైతే సివిల్ ప్రొసీజర్ కోడ్ 82వ సెక్షన్ ప్రకారం మూడు నెలలు ఆగాలి. ఆ తర్వాతా చెల్లించకపోతే జప్తు వారంట్ వస్తుంది. కోర్టు అమీను ఆర్డీవో ఆఫీసుకొచ్చి కుర్చీలు, కంప్యూటర్లు, జీపు జాబితా రాసుకున్నాడన్న వార్త తెలుగు పత్రికలు చదివేవాళ్లకు కొత్త కాదు. ప్రమాద పరిహారం కట్టనందుకు ఆర్టీసీ బస్సును కోర్టుకు తోలుకెళ్లారన్నదీ అంతే. మోటారు వాహనాల చట్టం ప్రకారం ట్రిబ్యునల్ అవార్డు ఇచ్చిన 30 రోజుల్లో డబ్బు కట్టాలి. ప్రత్యేక నిధి పెట్టుకుంటే రవాణా సంస్థలకు బీమా నుంచి మినహాయింపు ఇవ్వవచ్చని కూడా అదే చట్టం చెబుతుంది. బీమా కంపెనీ లేనిచోట బాధితుడికి సంస్థే దిక్కు.

జాప్యం ఎవరికీ కలిసిరాదు. 1894 చట్టం కింద కోర్టు పెంచిన మొత్తంపై, భూమి స్వాధీనం చేసుకున్న నాటి నుంచి మొదటి ఏడాది 9 శాతం, ఆపైన 15 శాతం వడ్డీ. 10 లక్షలు పెంచారనుకుంటే పదేళ్లకు వడ్డీయే 14 లక్షల 40 వేలు అవుతుంది. అసలును మించిపోయిన ఈ వడ్డీ కూడా ప్రజల పన్ను డబ్బే. ఆలస్యం చేసిన అధికారి జీతంలోంచి అది పోదు. రైతు వైపు చూసినా, అది చక్రవడ్డీ కాదు. అదే పదేళ్లలో పక్క ఊళ్లో ఎకరం ధర ఎంత పెరిగిందో ఆ వడ్డీతో పోల్చి చూస్తే నష్టం ఎవరిదో తెలిసిపోతుంది.

సీమలో ఈ ప్రశ్న రూపాలు

రాయలసీమలో ఈ వివాదానికి పెద్ద పాఠం శ్రీశైలం. 1963లో శంకుస్థాపన జరిగిన ఆ ప్రాజెక్టు కింద కర్నూలు, మహబూబ్‌నగర్ జిల్లాల్లో సుమారు 100 గ్రామాలు మునిగాయి. 1981 జూన్‌లో ‘ఆపరేషన్ డిమాలిషన్’ పేరుతో ఊళ్లు ఖాళీ చేయించారు. భూమి రేటు కోసం కోర్టుల్లో, ఉద్యోగం కోసం ఆఫీసుల చుట్టూ, అలా రెండు పోరాటాలు పక్కపక్కనే నడిచాయి. ముంపు కుటుంబానికొక ఉద్యోగమన్న 98వ నంబరు జీవో 1986లో వచ్చింది. దాని అమలు కోసం తర్వాతి తరం కూడా అర్జీలు పట్టుకుని తిరిగింది. పరిహారం ఆలస్యమైతే ఆ హక్కు వారసులకు సంక్రమిస్తుంది. అప్పుడు వారసత్వ ధ్రువపత్రం అన్న మరో మెట్టు వచ్చిపడుతుంది.

గండికోట జలాశయం తీరు వేరు. 26.85 టీఎంసీల సామర్థ్యానికి నింపే క్రమంలో 2020లో కొండాపురం మండలం తాళ్లప్రొద్దుటూరు వాసులు తమ పునరావాస ప్యాకేజీ పూర్తిగా అందాకే నీళ్లు పెట్టాలని రోజుల తరబడి ఆందోళన చేశారు. నీళ్లకు వరద క్యాలెండరు ఉంటుంది. డబ్బుకు అలాంటి గడువేదీ లేకపోవడమే అక్కడి తగువు.

వేముల మండలం తుమ్మలపల్లెలో చిక్కు ఇంకో రకం. 2006 సెప్టెంబరులో ప్రజాభిప్రాయ సేకరణ, 2007 నవంబరులో శంకుస్థాపన జరిగి యురేనియం గని వచ్చింది. నడిపేది కేంద్ర ప్రభుత్వ సంస్థ యూసీఐఎల్, భూమి సేకరించి ఇచ్చింది రాష్ట్ర రెవెన్యూ యంత్రాంగం. మబ్బుచింతలపల్లె, కనంపల్లె, కె.కె.కొట్టాల రైతులు భూమి ధర దగ్గర ఆగలేదు. వ్యర్థాల చెరువు వల్ల బోర్లలో నీళ్లు పాడై అరటి తోటలు దెబ్బతిన్నాయని ఫిర్యాదు చేశారు. సంస్థ ఆ వాదనను ఒప్పుకోలేదు. కాలుష్య నియంత్రణ మండలి నోటీసులిచ్చింది, నిపుణుల పరిశీలనలు జరిగాయి. తీసుకున్న భూమికి చట్టంలో రేటు, వడ్డీ, గడువు ఉన్నాయి. తీసుకోని భూమిలో నీళ్లు చెడితే ఆ నష్టాన్ని ఎవరు కొలవాలి, ఏ కోర్టు ముందు కొలవాలి? డిక్రీ అమలు గురించి మాట్లాడేవాళ్లు తరచూ మరిచిపోయే మనుషులు వీళ్లు. డిక్రీ దాకా రావడమే వీళ్లకు కొండ ఎక్కడం.

గట్టిగా పట్టుకుంటేనే కదులుతుందనే వాదం

మొదటి వర్గం వాదన సూటిగా ఉంటుంది. సర్కారుకు భయం ఉంటేనే ఫైలు కదులుతుందని వీరంటారు. ఆధారాలు బలంగానే ఉన్నాయి. నెల్లూరు జిల్లాలో ఒక మహిళ భూమికి మూడు నెలల్లో పరిహారం చెల్లించమని 2017లో హైకోర్టు చెప్పింది. డబ్బు చేరింది 2021లో, అదీ కోర్టు ధిక్కార పిటిషన్ పడ్డాక. ఆ ఏడాది సెప్టెంబరులో ఐదుగురు ఐఏఎస్ అధికారులకు హైకోర్టు శిక్ష వేసింది. అప్పీలుకు వీలుగా దాని అమలు ఆగింది. 2017లో లూధియానా జిల్లా కోర్టు ఒక రైతు పరిహారం కింద స్వర్ణ శతాబ్ది ఎక్స్‌ప్రెస్‌నే జప్తు చేయమంది. రైతు స్టేషన్‌కు ఉత్తర్వు పట్టుకెళ్లాడు. రైల్వే అధికారి ఒకరు పూచీ పడటంతో రైలు కదిలింది. 2024 నవంబరులో ఢిల్లీలోని హిమాచల్ భవన్‌ను ఒక విద్యుత్ కంపెనీకి ఉన్న బాకీ కింద జప్తు చేయమని ఆ రాష్ట్ర హైకోర్టు ఆదేశించింది. అదే ఏడాది ఆగస్టులో పుణె భూమి కేసులో సుప్రీంకోర్టు మహారాష్ట్రను హెచ్చరించింది. పరిహారం తేల్చకపోతే రాష్ట్రం నడిపే ఉచిత పథకాలనే ఆపాల్సి వస్తుందంది.

అయితే ఈ దారికి పరిమితులున్నాయి. ధిక్కారానికి చట్టం అనుమతించే గరిష్ఠ శిక్ష ఆరు నెలలు, జరిమానా 2,000 రూపాయలు. ఏడాది లోపే పిటిషన్ పడాలి. డిక్రీ డబ్బు వసూలుకు ధిక్కారాన్ని వాడకూడదని సుప్రీంకోర్టు 1999లో కపిల్‌దేవ్ ప్రసాద్ సా కేసులో చెప్పింది. అధికారులను ఊరికే కోర్టుకు పిలిపించవద్దంటూ 2024 జనవరిలో నియమావళి పెట్టింది. పైగా కోర్టు మెట్టెక్కి ధిక్కారం వేయగలిగే వాళ్లెవరు? హైకోర్టు దాకా వెళ్లగల స్తోమత ఉన్నవాళ్లు. జమ్మలమడుగులో ఈపీ వేసి వాయిదాలకు తిరిగే రైతు వరుసలో వెనక్కే పోతాడు. గట్టిగా అడిగినవాడికే ముందు ఇచ్చే పద్ధతి న్యాయం అనిపించుకోదు.

ఖజానా చెప్పే మాట

ప్రభుత్వం వైపు నుంచి వచ్చే వాదనలను కొట్టిపారేయడం తేలికే గానీ, సరైంది కాదు. కోర్టు పెంచిన రేటు ఒక్క రైతుతో ఆగదు. 1894 చట్టం 28-ఎ సెక్షన్ కింద అదే నోటిఫికేషన్‌లో భూమి పోయి, కోర్టుకు వెళ్లని పక్క రైతు కూడా మూడు నెలల్లో అర్జీ పెట్టి అదే రేటు అడగవచ్చు. ఒక్క తీర్పు వందల అర్జీలను వెంటేసుకుని వస్తుంది. దొంగ హక్కుదారులు, నకిలీ పాసుపుస్తకాల గొడవలు సీమలో తెలియనివి కావు. ప్రజా ధనం కాబట్టి ఒకటికి రెండుసార్లు చూసుకోవాలనడంలో తప్పు లేదు.

చూసుకోవడానికి ఎన్నేళ్లు కావాలన్నదే ప్రశ్న. అప్పీలు ఆలస్యమైనా కోర్టులు సర్కారును చాలాకాలం ఉదారంగా క్షమించాయి. 1987 నాటి కాతిజీ తీర్పు అందుకు దారి చూపింది. ఫైలు తిరగడమే కారణమంటే ఇక చెల్లదని 2012లో లివింగ్ మీడియా కేసులో సుప్రీంకోర్టు ఆ ఉదారతకు కళ్లెం వేసింది.

‘బడ్జెట్ లేదు’ అన్న మాటకు రాజ్యాంగంలోనే జవాబు ఉంది. కోర్టు తీర్పు, డిక్రీ, ఆర్బిట్రేషన్ అవార్డు తీర్చడానికి కావాల్సిన సొమ్ము రాష్ట్ర సంచిత నిధి మీద నేరుగా భారం అవుతుందని 202(3)(ఇ) అధికరణం చెబుతుంది. దాన్ని శాసనసభ చర్చించవచ్చు గానీ ఓటు వేసి కోత పెట్టడానికి వీల్లేదు. గవర్నర్ జీతం, హైకోర్టు జడ్జీల జీతాలు, రాష్ట్రం అప్పు మీద వడ్డీ కూడా ఇదే తరగతి. రాష్ట్రం తన బాండ్ల వడ్డీ ఒక్కరోజు ఆలస్యం కానివ్వదు. అదే అధికరణం కింద ఉన్న రైతు డిక్రీ మాత్రం మామూలు బిల్లుల వరుసలో నిలబడాలి. ఈ వివాదం మొత్తంలో తక్కువ చర్చ జరిగిందీ, ఎక్కువ బరువున్నదీ ఈ అంశమే. నిధుల కొరత ఉన్నప్పుడు ఎవరికి ముందు ఇవ్వాలో రాజ్యాంగం ఒక క్రమం పెట్టింది. ఖజానా దాన్ని పాటించాలి.

తగువే రాకుండా చూడాలనేవాళ్లు

మూడో వర్గం కోర్టుకు ముందే సరిచేయాలంటుంది. 2013 చట్టం, భూమి విలువపై అదనంగా ఇచ్చే సొలేషియంను 30 శాతం నుంచి 100 శాతానికి పెంచింది. అవార్డు మొదటే ఉదారంగా ఉంటే కోర్టుకెళ్లేవాళ్లు తగ్గుతారని ఆశ. ఆంధ్రప్రదేశ్ 2018లో ఆ చట్టాన్ని సవరించి స్వచ్ఛంద ఒప్పందాలకు వీలు పెట్టుకుంది. ఇంకోవైపు లోక్ అదాలత్‌లు. అక్కడ రాజీ కుదిరితే అప్పీలు ఉండదు, ఫైలు అక్కడితో మూతపడుతుంది. వయసు మీరిన రైతుకు ఇది నిజమైన ఊరట. కానీ వడ్డీలో కొంత వదులుకుంటేనే రాజీ అన్నప్పుడు, ఆలస్యం చేసినవాడికే ఆలస్యం లాభించినట్టవుతుంది. రాజీ అయ్యాక కూడా డబ్బు అదే ఖజానా నుంచి రావాలి. చెల్లింపు తేదీ రాయని రాజీ ఇంకొక డిక్రీతో సమానం.

ఈ మధ్య కోర్టులు మరో మార్గం పట్టాయి. బెంగళూరు-మైసూరు రహదారి కారిడార్‌కు 2003లో నోటిఫై చేసిన భూములకు ధిక్కార నోటీసుల తర్వాతే, 2019లో అవార్డు వచ్చింది. ఆలస్యం సర్కారుదే కాబట్టి 2019 ఏప్రిల్ నాటి మార్కెట్ విలువే కట్టాలని 2025 జనవరి 2న సుప్రీంకోర్టు చెప్పింది. వడ్డీతో తీరని నష్టాన్ని ధర మార్చి తీర్చే ప్రయత్నమిది. కానీ ప్రత్యేకాధికారం వాడి ఇచ్చిన తీర్పు ప్రతి కేసుకూ వర్తిస్తుందన్న భరోసా లేదు.

బయట ఎలా చేశారు

అమెరికాలో 1956 నుంచి తీర్పుల చెల్లింపుకు శాశ్వత నిధి ఉంది. ఫెడరల్ ప్రభుత్వం కోర్టులో ఓడిన చాలా కేసుల్లో ప్రతిసారీ కాంగ్రెస్ అనుమతి కోసం ఎదురుచూడకుండా అందులోంచే కడతారు. బ్రిటన్‌లో 1947 చట్టం ప్రకారం ప్రభుత్వ ఆస్తి జప్తు చేయలేరు. కోర్టు ధ్రువపత్రం ఇస్తే శాఖ చెల్లించాలి, అంతే. అదే పద్ధతిని తీసుకున్న దక్షిణాఫ్రికాలో చెల్లించని శాఖలు పెరిగాయి. ఆసుపత్రి నిర్లక్ష్యంతో మంచాన పడ్డ వ్యక్తి న్యాతీ కేసులో, జప్తును నిషేధించిన సెక్షన్ రాజ్యాంగ విరుద్ధమని 2008లో అక్కడి రాజ్యాంగ కోర్టు కొట్టేసింది. చెర్నోబిల్‌లో పనిచేసిన రష్యన్ బర్దోవ్ గెలిచిన సొమ్ము అందకపోవడాన్ని 2002లో యూరోపియన్ మానవ హక్కుల కోర్టు హక్కుల ఉల్లంఘనగా చూసింది. తీర్పు అమలు కూడా న్యాయ విచారణలో భాగమేనంది. బ్రెజిల్‌లో కోర్టు చెల్లింపులను వచ్చిన వరుసలోనే తీర్చాలని రాజ్యాంగమే రాసింది. అయినా బకాయిలు కొండలా పేరుకున్నాయి.

వీటిని పక్కపక్కన పెడితే ఒక సంగతి కనిపిస్తుంది. జప్తు అధికారం మన దగ్గర బ్రిటన్ కంటే ఎక్కువే. అమెరికాలోలాగా ఆ డబ్బుకు విడిగా నిధి మాత్రం లేదు. వరుస పెట్టడం ఒక్కటే చాలదని బ్రెజిల్ చెబుతోంది. ఆ వరుసకు తగ్గ సొమ్మును ఏటా పక్కన పెట్టాలి.

ఇంకా తేలనివి

అమలు పిటిషన్లు ఆరు నెలల్లో తేల్చాలని 2021లో రాహుల్ షా కేసులో, మళ్లీ 2025 మార్చిలో పెరియమ్మాళ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అదే ఏడాది అక్టోబరుకు దేశమంతా 8.82 లక్షలకు పైగా పిటిషన్లు పెండింగులో ఉన్నట్టు లెక్క వచ్చింది. ఇందులో ప్రభుత్వం బాకీదారుగా ఉన్నవెన్ని అన్నది ఆ అంకె చెప్పదు. ఇల్లు ఖాళీ చేయమన్న డిక్రీ, చీటీ బాకీ, భూసేకరణ పరిహారం అన్నీ ఒకే కుప్పలో ఉన్నాయి.

వడ్డీ భారాన్ని ఆలస్యానికి కారణమైన అధికారి మీద వేయాలా అన్నది మరో ప్రశ్న. వేస్తే సంతకం పెట్టడానికే భయపడి ఫైలు ఇంకా నెమ్మదిస్తుందని కొందరి అనుమానం, వేయకపోతే ఎవరికీ పట్టదని మరికొందరి అనుభవం. రెండింటిలోనూ నిజం ఉంది. కంపెనీ కోసం రాష్ట్రం భూమి సేకరించిన తుమ్మలపల్లెలాంటి చోట్ల డబ్బు ఎవరు డిపాజిట్ చేయాలన్నది ముందే రాసిపెట్టుకుంటే సగం తగువు తగ్గుతుంది. పంట, నీటి నష్టానికి అలాంటి రాత ఏదీ లేదు.

కోర్టు డిక్రీల కోసం ప్రతి శాఖా ఏటా ఎంత అడిగింది, ఎంత విడుదలైంది, మూడు నెలలు దాటి ఎన్ని మిగిలాయి అన్న లెక్క బడ్జెట్ పత్రాలతో పాటు శాసనసభ ముందుకు రావాలి. ఓటు అక్కర్లేని ఖర్చు కదా అని చర్చే అక్కర్లేకుండా పోయింది. జిల్లా కోర్టుల్లో ప్రభుత్వం మీదున్న ఈపీల జాబితాను విడిగా తీయడం కంప్యూటర్లున్న ఈ రోజుల్లో కష్టమైన పని కాదు. కడప, నంద్యాల, కర్నూలు కోర్టుల నుంచే అది మొదలు కావచ్చు. శ్రీశైలం, గండికోట, హంద్రీ-నీవా ప్రాజెక్టుల పేర్లతో ఆ జాబితా ఎంత పొడుగుంటుందో ముందుగా ప్రభుత్వానికే తెలియాలి.